పేరెందుకు, నంబరు సాలు

మా చెల్లెలు విశాఖపట్నంలో మెడికల్ కోడింగ్ నేర్చుకుని, ఇప్పుడు పలాసలో ఇంట్లో కూర్చునే అమెరికా ఆసుపత్రుల బిల్లులు చూస్తుంది. అక్కడ ప్రతి జబ్బుకీ, ప్రతి వైద్యానికీ ఒక నంబరు ఉంటుందట. డాక్టరు ఏం చేసిందో రాసి పంపితే, దానికి సరిపడే నంబరు వెతికి పెట్టడం దీని పని. మొన్న ఆదివారం నేను వెళ్లేసరికి తనతో పనిచేసే అమ్మాయికి ఫోన్‌లో చెబుతోంది. “ఐదు ఎనిమిది మూడు సున్నా ఒకటి వెయ్యవే. లూపు తీయడమేగా? మళ్లీ కొత్తది పెట్టారేమో చూడు. పెడితే ఇంకో నంబరు కూడా వెయ్యాలి.” పక్కగదిలో దాని మొగుడు టీవీ చూస్తున్నాడు. అతనికి వినపడుతుందేమోనని తలుపు దగ్గరికి వేశాను. దీనికి చీమ కుట్టినట్టయినా లేదు, కూరగాయల పేర్లు చదివినట్టు చదివేస్తోంది.

నేను పిల్లలకి జీవశాస్త్రం చెబుతాను. టెక్కలిలో ఒక ప్రైవేటు స్కూల్లో పదో తరగతికి. ప్రత్యుత్పత్తి పాఠం వచ్చినప్పుడు “ఇది మీరే చదువుకోండి, ముఖ్యమైన ప్రశ్నలు నేను చెప్తాను” అనేస్తాను. బొమ్మ బోర్డు మీద గీయను. నా సంగతి ఇది. అందుకే చెల్లెలి మాట వినగానే నాకు అప్ప గుర్తొచ్చింది, తల వంచుకుని టీ తాగి వచ్చేశాను.

మా వైపు అక్కని అప్ప అంటాం. ఆవిడ నాకు అక్క కాదు, చుట్టమూ కాదు. మా అత్తవారి ఊరికి పక్క ఊరు ఆవిడది. పలాసలో జీడిపప్పు కార్ఖానాలో గింజలు కొట్టేది. బూడిద రాసుకున్నా జీడి సొన వదిలేది కాదు, వేళ్లు నల్లగా కాలిపోయి ఉండేవి. రేషన్ దుకాణంలో మిషన్ మీద వేలు పెడితే గుర్తు పడేది కాదు. ఒక్కో వేలూ మార్చి మార్చి పెడుతూ “నాను నాను కాదంతంది సూడండిది” అని మిషన్‌ని తిట్టేది. వెనక వరసలో ఉన్నవాళ్లు నవ్వేవాళ్లు. ముందు పన్ను ఒకటి లేదు. ఆ పన్ను కథ మా ఉద్దానం ఊళ్లలో ఆడవాళ్లకి తప్ప ఎవరికీ తెలియదు.

వయసులో ఉన్నప్పుడు ఆవిడ, పిల్లలు పుట్టకుండా వేయించుకున్న లూపు తీయించుకోవడానికి పలాసలో ఒక నర్సింగ్ హోముకి వెళ్లిందట. కౌంటర్ దగ్గర మగాయన “ఏటి సమస్య?” అని గట్టిగా అడిగాడు. హాలు నిండా జనం. ఊరివాళ్లు ఇద్దరు మందుల కిటికీ దగ్గరే నిలబడి ఉన్నారు. నోట్లోంచి లూపు అన్న మాట రాలేదు. “పన్ను నొప్పి” అనేసింది. చీటీ రాసి పళ్ల డాక్టరు గదికి పంపించారు. అక్కడైనా నిజం చెప్పొచ్చు కదా! ఆ డాక్టరూ మగవాడే. “ఏ పన్నమ్మా?” అంటే ఏదో ఒకటి చూపించింది. మంచి పన్ను పీకించుకుని, లూపు లూపులాగే ఉండగా ఇంటికొచ్చింది. ఇది నిజమో, మమ్మల్ని నవ్వించడానికి కట్టిందో నాకు తెలియదు. ఆ చెప్పే తీరుకి మేం కళ్లనీళ్లు వచ్చేలా నవ్వేవాళ్లం.

రెండోసారి వెళ్లినప్పుడు ఆవిడ నోరు తెరిచింది, కానీ మాట్లాడింది నర్సుతో. పని అయ్యాక బిల్లు చూసుకుంది. అక్షరాలు రావు గానీ తూకాలు వేసే చోట పనిచేసింది కాబట్టి అంకెలు బాగా వచ్చు. చేసిన వైద్యానికి ముందు ఒక నంబరు అచ్చయి ఉంది. ఏడు వందల పన్నెండు. ఆ నర్సింగ్ హోములో స్కానింగుకి ఒకటి, రక్తపరీక్షకి ఒకటి, లూపు వేయడానికి ఒకటి, తీయడానికి ఒకటి, ఇలా అన్నిటికీ నంబర్లున్నాయని నర్సు చెప్పింది. అప్ప ఆ నంబరు పట్టుకుంది. ఆ తర్వాత చుట్టుపక్కల ఊళ్లలో ఏ ఆడమనిషి వచ్చి చెవిలో గొణిగినా ఒకటే మాట. “పేరెందుకమ్మీ, నంబరు సాలు. ఏడొందల పన్నెండు అను. కౌంటరోడికి తెలిసేది తెలుత్తాది, ఇనేవోడికి ఏటీ తెల్దు.”

కొబ్బరితోటల ఊళ్లవాళ్లూ, సముద్రపు ఒడ్డున డొంకూరు వైపు వేటకెళ్లే ఇళ్లవాళ్లూ అందరూ ఆవిడ వెనకే వచ్చేవారు. దానికి ఆవిడ పద్ధతులు ఆవిడకున్నాయి. రోడ్డు మీద మనతో కలిసి నడవదు. పది అడుగులు ముందుంటుంది, వెనక్కి తిరిగి చూడదు. ఆటోలో ఎక్కితే డ్రైవరుతో కొబ్బరికాయల రేటు మీద దెబ్బలాట పెట్టుకుంటుంది, మన మొహం ఎవరూ చూడకుండా. కౌంటర్ దగ్గర పేరడిగితే లక్ష్మి అనమంటుంది. ఆ కంప్యూటర్‌లో ఉద్దానం అంతా లక్ష్మిలే. ఫోన్ నంబరు చివర ఒక అంకె మార్చి చెప్పమంటుంది. లోపలికి వెళ్లేటప్పుడు మన చెప్పులు తీసుకుని చేత్తో పట్టుకుని తలుపు బయట నిలబడుతుంది. “ఇయి నా సేతిలో ఉన్నంతసేపూ నాను ఎక్కడికీ ఎల్లను” అంటుంది. బయటికి రాగానే బిల్లు లాక్కుని, ముక్కలు చేసి మురిక్కాలవలో వేస్తుంది. కాగితం ముక్క ఇంటికి వెళ్లకూడదు.

ఇవన్నీ చూసి నాకు ఆవిడంటే గౌరవం కలిగింది. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తోంది. మేం సిగ్గుపడడానికి ఇంత ఏర్పాటు చేసుకున్నాం.

నా వంతూ వచ్చింది. మా పాప పుట్టాక లూపు వేయించుకున్నాను. మా ఆయనకి తెలుసు, మా అత్తకి తెలియదు. పాపకి ఐదేళ్లు వచ్చాక ఇంకొకరు కావాలనుకున్నాం. అప్పటికే మా అత్త నా కడుపు మళ్లీ పండలేదని రావివలస మల్లికార్జునస్వామికి మొక్కుకుంది. “రేపో మాపో తీయించుకుంటాను” అని మా ఆయనకి చెప్పి, పలాస పక్కనే కాశీబుగ్గలో జాకెట్లు కుట్టించుకోవాలని అత్తకి చెప్పి, అప్ప వెనక పది అడుగుల దూరంలో నడిచాను.

కౌంటర్ దగ్గర “లక్ష్మి. ఏడు వందల పన్నెండు” అన్నాను. అక్కడ కూర్చున్న కళ్లజోడాయన తలెత్తకుండా కంప్యూటర్‌లో కొట్టాడు. చీటీ ఇంగ్లీషులో ఉంది. నేను చదవగలను. కానీ నా వెనక మా స్కూల్లో చదివే పిల్ల తండ్రి నిలబడ్డాడు, గబగబా మడిచేశాను. లోపల బల్ల మీద పడుకుని చీరకొంగు మొహం మీద కప్పుకున్నాను. డాక్టరమ్మ చీటీ చూసి ఏదో అడిగింది. ఊఁ అన్నాను. ఇంకోటి అడిగింది. దానికీ ఊఁ అన్నాను. ఆవిడ ఏమడిగినా ఊఁ అనేదాన్నే, ఎలాగోలా అయిపోతే చాలనిపించింది. బయటికి వచ్చాక అప్ప చెప్పులు నా కాళ్ల ముందు పెట్టి బిల్లు చింపేసింది.

ఏడాది దాటింది. ఏమీ లేదు. మా అత్త నన్ను తీసుకెళ్లని చోటు లేదు. అప్ప ఎప్పుడు కనిపించినా కనుబొమ్మలు ఎగరేసి అడిగేది, నేను అడ్డంగా తలూపేదాన్ని. చివరికి మా ఆయన నన్ను శ్రీకాకుళం తీసుకెళ్లి స్కానింగ్ చేయించాడు. ఆ డాక్టరు తెర వైపు చూస్తూ “కాపర్ టీ లోపలే ఉంది కదమ్మా, పిల్లలెలా పుడతారు?” అంది.

మా ఆయన నా వైపు చూసిన చూపు ఈ రోజుకీ మరిచిపోలేను. తిరుగు బస్సులో పక్క సీటు ఖాళీగా ఉన్నా వెళ్లి డ్రైవరు వెనక కూర్చున్నాడు. ఇంటికొచ్చాక అడిగాడు. “తీయించుకున్నానని ఎందుకు చెప్పినావు? నీకు వద్దనుకుంటే నానేటైనా బలవంతం చేసినానా?” నిజమే చెబుతున్నానని ఎలా చూపించను? చేతిలో బిల్లు లేదు. ఆసుపత్రిలో నా పేరు లేదు. మా అత్త గుమ్మంలోనే కూలబడింది. “ఇట్టం నేకపోతే నోటితో సెప్పీయొచ్చు కదే. నన్ను దేవుడి కాడ ఎర్రిదాన్ని సేసినావు” అని ఏడ్చింది.

అప్పుడు నేను “అప్పే తీసుకెళ్లింది, అప్పనడగండి” అన్నాను.

కబురెళ్లిన అరగంటకి ఆవిడ మా వాకిట్లో ఉంది. మా అత్త నోటికొచ్చినట్టు అన్నదంతా విని “నంబరు సెప్పింది నానే. తప్పు ఎక్కడుందో నాకు తెల్దు గానీ తెలుసుకుంతాను. అమ్మీ, సెప్పులేసుకో” అంది. ఆ రోజు రోడ్డు మీద నా చెయ్యి పట్టుకుని పక్కనే నడిచింది. నేను విడిపించుకోబోయాను. వదల్లేదు.

హాలు ఎప్పటిలాగే నిండుగా ఉంది. అప్ప తిన్నగా కౌంటర్ దగ్గరికి వెళ్లింది.

“బాబూ, ఏడొందల పన్నెండంతే ఏటి?”

కళ్లజోడాయన కంప్యూటర్ చూశాడు. “మార్పిడి. పాతది తీసి కొత్తది పెట్టడం.”

“తీయడం కాదా?”

“అది వేరే. కిందటేడు దసరా ముందు కొత్త సాఫ్ట్‌వేర్ వచ్చింది, నంబర్లన్నీ మారిపోయినాయి. అయినా నంబరు సెప్పమని మిమ్మల్ని ఎవులడిగినారమ్మా? ఏం కావాలో పేరు సెప్పాలి గానీ.”

అతని మాటలో తప్పేమీ లేదు. నాకు నేల చీలిపోతే బాగుండుననిపించింది. అప్ప నా చెయ్యి పైకెత్తి పట్టుకుని, చేపల మార్కెట్లో పిలిచినంత గట్టిగా అంది.

“అయితే పేరే సెప్తన్నాను, ఇను. ఈ గుంటకి గర్బసంచీలో మీరు లూపు ఏసినారు. తీయమంతే కొత్తది ఏసి పంపినారు. అది తీయించడానికొచ్చినాము. మల్లీ ఏయొద్దు. పిల్లలు గావాల దీనికి. ఇనపడిందా?”

హాల్లో ఎవరో కుర్రాడు కిసుక్కున నవ్వాడు. కళ్లజోడాయన ఎర్రగా అయిపోయి “అంత గట్టిగా ఎందుకమ్మా” అన్నాడు.

“మెల్లిగా సెప్తేనే కదేటి ఇలగైంది!”

నేను ఆ క్షణంలో ఆవిడని ద్వేషించాను. దాచుకోవడం ఎందుకు? నన్ను కాపాడడానికి వచ్చిన మనిషి మీదే, అందరిముందూ నా పరువు తీసిందని పళ్లు కొరుక్కున్నాను. లోపల డాక్టరమ్మ తీసేసింది. “మార్చమంటారా అని అడిగానమ్మా, ఊఁ అన్నావు” అంది. నేను మళ్లీ ఊఁ అన్నాను.

బయటికి వచ్చేసరికి అప్ప కుర్చీలో కూర్చుని ఉంది. ఆవిడ అక్కడ కూర్చోగా చూడడం అదే మొదలు. నా చెప్పులు ఒళ్లో పెట్టుకుని తనలో తను లెక్కేసుకుంటోంది. దసరా తర్వాత ఎవరెవరిని తెచ్చిందో గుర్తు చేసుకుంటోంది. ఎవరి పేర్లూ ఆవిడకి తెలియవు, అడగకపోవడమే ఆవిడ మర్యాద. చెప్పులు గుర్తున్నాయి. “కవిటి పక్క గుంట, నీలం పట్టీలు. డొంకూరు కాడ పిల్ల, మొగుడి సెప్పులేసుకొచ్చింది. కోటబొమ్మాలి టేసను కాడ ఎక్కినామె, మడమ తెగింది...” కౌంటర్ దగ్గరికి వెళ్లి ఆ ఆడవాళ్లందరికీ ఫోన్ చేయమని బతిమాలింది. ఆయన వెతికి చూశాడు. “అందరూ లక్ష్మిలే. రెండు ఫోన్లు కొట్టినాను, ఒకటి పని చెయ్యట్లేదు, ఒకటి ఎవడో ఒడిసా ఆయన ఎత్తినాడు. నానేటి సెయ్యను?” అన్నాడు. ఆ రోజు బిల్లు అప్ప చింపలేదు, అది చూపించి జరిగింది చెప్పాకే మా ఇంట్లో నన్ను నమ్మారు.

ఆ తర్వాత కార్ఖానాకి సెలవు దొరికినప్పుడల్లా ఆవిడ ఊళ్లు తిరగడం మొదలుపెట్టింది. పగలే వెళ్లి, తెలిసిన గుమ్మాల ముందు నిలబడి “నీతో ఓ మాట సెప్పాల” అనేది. ఒక్కరూ బయటికి రాలేదు. నీతో నేనెప్పుడొచ్చానే అన్నవాళ్లున్నారు. కుక్కని ఉసిగొల్పినవాళ్లున్నారు. ఏమీ తెలియనట్టు ఉండడం నేర్పిందే ఆవిడ. ఆ నేర్చుకున్నదే వాళ్లు ఆవిడ మీద వాడారు.

ఒకరోజు స్కూలు వదిలే వేళకి గేటు దగ్గర నిలబడి ఉంది. బాగా చిక్కిపోయింది, కాళ్లు వాచి ఉన్నాయి.

“కవిటి పక్క గుంట ఇంటికి నువ్వు రా అమ్మీ. దాని అత్త నన్ను కంచె దాటనివ్వట్లేదు. నువ్వు టీచరమ్మవి, నిన్ను కూకోబెడతారు. నాకిలగైంది, నువ్వూ సూపించుకో అను. అంతే సాలు.”

వెళ్లాను. ఆ మాట నిజం, వెళ్లాను. అప్ప కంచె బయట కొబ్బరిచెట్టు చాటున ఆగింది. నన్ను లోపల కుర్చీ వేసి కూర్చోబెట్టారు. ఆ అమ్మాయి మంచినీళ్లు తెచ్చి ఇచ్చింది. చిన్న పిల్ల, పాతికేళ్లు కూడా ఉండవు. మంచం మీద మామ, గుమ్మంలో అత్త. “ఏ పని మీద వచ్చినారమ్మా?” అని మామ అడిగాడు. నీ కోడలితో ఒక మాట మాట్లాడాలి, ఇటు రామ్మా అంటే అయిపోయేది. నా నోరు తెరుచుకుంది. “మీ దగ్గర కొబ్బరి మొక్కలు అమ్ముతారని ఎవరో చెప్తే వచ్చాను” అన్నాను. వాళ్లు సంతోషంగా తోటలోకి తీసుకెళ్లి చూపించారు. ఒక మొక్క ఊరికే ఇచ్చారు.

చేతిలో మొక్కతో బయటికి వచ్చిన నన్ను అప్ప ఎగాదిగా చూసింది. తిడుతుందనుకున్నాను. “ఒగ్గీ అమ్మీ, పోనీ. మొక్క బాగుంది, నీల్లోసుకో” అంది. అప్పటికి నాకు నెల తప్పి పదిహేను రోజులైంది. ఆవిడకి చెబుదామని ఆ రోజు అనుకుంటూనే వెళ్లాను, చెప్పలేకపోయాను.

ఇంకోసారి వెళ్దామని చాలాసార్లు అనుకున్నాను. వేవిళ్లన్నాను, పురుడన్నాను, పిల్లాడన్నాను. అప్ప మళ్లీ నన్ను అడగలేదు. మా బాబు బారసాలకి వచ్చి, వాడిని ఎత్తుకోమంటే నల్లటి వేళ్లు చూపించి “సంటోడికి సొన అంటుకుంతాది” అని దూరంగా నిలబడి చూసింది. తర్వాత డయాలసిస్‌కి తిరగడం మొదలైంది. ఈ ఏడు ఎండాకాలంలో పోయింది. కిడ్నీలన్నారు. మా వైపు ఇంటికొకరు ఆ జబ్బుతోనే పోతుంటారు, అంతకంటే వివరం ఎవరూ అడగరు.

కబురు తెలిసి వెళ్లాను. వాకిలి నిండా ఆడవాళ్లు. ఇంతమంది ఎవరని ఆవిడ కొడుకు ఆశ్చర్యపోతున్నాడు. ఏ ఊరి నుంచి వచ్చారంటే చెబుతున్నారు. ఏమవుతారంటే ఏమీ కామంటున్నారు. ఒకరితో ఒకరు మాట్లాడుకోవడం లేదు, విడివిడిగా గోడవారగా నిలబడ్డారు. నా దగ్గరికీ వచ్చి “మీరేటవుతారమ్మా?” అని అడిగాడు. “మీ అమ్మ మా ఇంటికి జీడిపప్పు తెచ్చేది” అన్నాను.

శవాన్ని తీసుకెళ్లాక ఒకామె నా పక్కకి వచ్చి నిలబడింది. వెంటనే గుర్తుపట్టాను. మనిషి బాగా మారిపోయింది.

“మీరు మా ఇంటికి మొక్కల కోసం వచ్చినారు కదండీ? ఆ రోజు కంచె బయట అప్ప ఉంది. నాను సూసినాను.”

“ఉంది.”

“మొక్కల కోసం కాదు కదా?”

కాదన్నాను. ఇక ఆపుకోలేకపోయాను. చుట్టూ మగవాళ్లున్నారు, పాడె వెనక వెళ్లనివాళ్లు కుర్చీల్లో బీడీలు కాలుస్తున్నారు. వాళ్ల ముందే చెప్పాను. నంబరు మారిందని, ఆ రోజు నీకూ లూపు తీసి మళ్లీ కొత్తది పెట్టి ఉంటారని, ఇంకా లోపలే ఉందేమో రేపే వెళ్లి తీయించుకోమని. ఎవరో తలతిప్పి చూశారు. మొత్తం చెప్పడానికి బీడీ వెలిగించుకున్నంత సేపు కూడా పట్టలేదు. ఇంత చిన్న మాటనా నేను ఇన్నేళ్లూ దాచింది!

ఆమె గోడకి చేరబడి మెల్లిగా కింద కూర్చుంది. “పాప ఒక్కర్తే నాకు. మందులోళ్ల కాడికి, బూతవైద్యుల కాడికి తిప్పినారు. బరంపురం పెద్ద డాక్టరు కాడికి ఎల్దామంతే అత్త ఒల్లనంది. ఇప్పుడు మాయన ఇంకో పెల్లి సేసుకుంతానని కూకున్నాడు” అంది. ఏడవలేదు. నేనూ పక్కన కూర్చున్నాను.

“ఆ రోజుకే మీకు తెలుసా?”

“తెలుసు.”

“మీకు మల్లీ పుట్టినారా?”

“బాబు.”

చీరకొంగు తీసి మొహం తుడుచుకుంది. నా వైపు చూడకుండానే అడిగింది.

“ఆడికిప్పుడు ఎన్నేల్లు?”

నాలుగు నిండాయని చెప్పాను.